పువ్వు ముందే గడ్డలో ఉంటుంది: డాఫోడిల్స్ ఎంచుకోవడం, నాటడం చుట్టూ ఉన్న చిక్కుముళ్లు

సెప్టెంబరు రాగానే అమెరికాలోనూ బ్రిటన్‌లోనూ తోట సామాన్లు అమ్మే దుకాణాల ముందు వల సంచుల్లో గోధుమరంగు గడ్డలు గుట్టలు పోస్తారు. సంచికి తగిలించిన అట్ట మీద పసుపు పువ్వు బొమ్మ, ‘జోన్ 3–8’ అని ఒక అంకె, ‘16/18’ అని ఇంకొకటి ఉంటాయి. ఆ అట్టను ఫొటో తీసి వాట్సాప్ గ్రూపులో పెట్టి “ఇవి ఎప్పుడు నాటాలండీ?” అని అడిగితే, ఒకావిడ వెంటనే నాటేయమంటారు. ఇంకొకాయన నవంబరు చివర వచ్చే థాంక్స్‌గివింగ్ దగ్గరపడేదాకా సంచి విప్పొద్దంటారు. మూడోవారు ఫ్రిజ్‌లో పెట్టమంటారు. అడిగినవారికి తల తిరుగుతుంది. నిజానికి ముగ్గురి మాటా సరైనదే. మొదటివారు ఉండేది షికాగోలో, రెండోవారు డాలస్‌లో, మూడోవారు హ్యూస్టన్‌లో.

అదే వారంలో కూకట్‌పల్లి నుంచి మా పిన్ని కూతురు ఫోన్ చేసింది. కిందటేడు ఆన్‌లైన్‌లో తెప్పించి బాల్కనీ కుండీల్లో పెట్టిన పది గడ్డలకూ ఆకులు ఏపుగా వచ్చాయట, ఒక్క పువ్వూ రాలేదట. “ఎరువు చాల్లేదా అక్కా?” అంది. ఎరువుకీ దానికీ సంబంధం లేదు. మనలో చాలామందికి డాఫోడిల్ బడిలో ఇంగ్లీషు వాచకంలోనే పరిచయమైన పువ్వు. మొక్కగా దాని ఏడాది ఎలా గడుస్తుందో మనకెవరూ చెప్పలేదు. అది తెలిస్తే షికాగో ప్రశ్నకూ కూకట్‌పల్లి ప్రశ్నకూ ఒకే చోట జవాబు దొరుకుతుంది.

గడ్డను నిలువుగా కోస్తే కనిపించేది

తోట దుకాణంలో దీన్ని బల్బు అంటారు. మన వృక్షశాస్త్ర పాఠంలో లశునం అని చదువుకున్నాం. దుంప అనడం అంత సరిపోదు, ఎందుకంటే ఆలుగడ్డ లాంటి దుంప లోపలంతా ఒకే ముద్ద. డాఫోడిల్ గడ్డ ఉల్లిగడ్డ లాంటిది. పైన కాగితంలాంటి గోధుమరంగు పొట్టు, లోపల ఒకదాని మీద ఒకటి కండగల పొరలు, అడుగున వేళ్లు పుట్టే గట్టి బిళ్ల. ఆ పొరలు ఆకుల మొదళ్లే. మొక్క తన ఆహారాన్నంతా వాటిలోనే దాచుకుంటుంది.

సెప్టెంబరులో ఒక మంచి గడ్డను నిలువుగా కోస్తే పొరల నడుమ, అడుగుబిళ్లకు కొంచెం పైన, చిన్న మొగ్గ కనిపిస్తుంది. వచ్చే మార్చిలో పూయాల్సిన పువ్వు అదే. వసంతంలో పూత ముగిసి ఆకులు ఇంకా పచ్చగా ఉన్న మే, జూన్ నెలల్లోనే గడ్డ తరువాతి ఏటి పువ్వును లోపల తయారుచేసుకుంటుంది. నెదర్లాండ్స్‌లోనో ఇంగ్లండ్‌లోని లింకన్‌షైర్‌లోనో రైతు ఎండాకాలంలో ఆ గడ్డను తవ్వి తీసేటప్పటికే ఆ పని పూర్తయి ఉంటుంది. అంటే మనం డబ్బులిచ్చి కొంటున్నది తయారైపోయి మడతపెట్టి ఉన్న పువ్వు.

ఈ ఒక్క సంగతి పట్టుకుంటే డాఫోడిల్ సలహాలన్నీ రెండు కుప్పలుగా విడిపోతాయి. సైజు, నాటే సమయం, చలి, లోతు అనేవి ఈ ఏటి పువ్వు బయటికి రావడానికి సంబంధించినవి. ఆకులు, ఎండ, ఎరువు వచ్చే ఏటి పువ్వుకు సంబంధించినవి. మొదటి కుప్పలోని ప్రశ్నకు రెండో కుప్పలోని జవాబు చెప్పడం వల్లే గందరగోళంలో సగం పుడుతుంది. మా చెల్లి అడిగింది సరిగ్గా అలాంటి ప్రశ్నే.

మడతపెట్టి ఉన్న పువ్వు విచ్చుకోవడానికి రెండు కావాలి. శరదృతువులో మట్టి చల్లబడుతున్నప్పుడు వేళ్లు దిగాలి. ఆ తరువాత దాదాపు 12 నుంచి 16 వారాలపాటు 9 డిగ్రీల సెల్సియస్ కంటే తక్కువ చలి తగలాలి. ఆ చలే పూకాడ సాగడానికి తాళం తీస్తుంది. చలి చాలకపోతే ఆకులు వస్తాయి గానీ మొగ్గ లోపలే ఎండిపోతుంది, లేదా మట్టికి ఆనుకుని పొట్టిగా ఏదో పూసి ఊరుకుంటుంది. హైదరాబాద్‌లో డిసెంబరు, జనవరి రాత్రులు సగటున 14, 15 డిగ్రీల దగ్గర ఉంటాయి, పగలు 28 దాకా వెళ్తుంది. కుండీలో మట్టికి పన్నెండు వారాల చలి ఎక్కడినుంచి వస్తుంది?

డాఫోడిల్, నార్సిసస్, జాంక్విల్, నర్గిస్: ఒకే ఇంటి పేర్లు

నార్సిసస్ ఈ ప్రజాతికి శాస్త్రీయ నామం, డాఫోడిల్ వాడుక పేరు. దుకాణాల్లో పెద్ద పసుపు పువ్వును డాఫోడిల్ అనీ చిన్న తెల్ల పువ్వును నార్సిసస్ అనీ విడివిడిగా రాసినా రెండూ ఒకే ప్రజాతి. జాంక్విల్ అనే పేరు మాత్రం నిజానికి ఒక ఉపవర్గానిది. సన్నటి రెల్లులాంటి ఆకులు, కాడకు రెండు మూడు చిన్న పువ్వులు, గాఢమైన వాసన దాని గుర్తులు. అయితే అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో పెద్దవాళ్లు పసుపు డాఫోడిల్ ఏదైనా జాంక్విల్ అనేస్తారు. పక్కింటావిడ ‘జాంక్విల్స్’ ఇస్తానంటే ఏవి ఇస్తారో చూశాకే తెలుస్తుంది.

హైదరాబాద్ వాళ్లకు నర్గిస్ అనే మాట కొత్త కాదు. ఫార్సీ, ఉర్దూ కవిత్వంలో అందమైన కంటికి పోలిక ఆ పువ్వే. కశ్మీరులో దాన్నే యెంబర్‌జల్ అంటారు. ఇదీ నార్సిసస్సే, కానీ టాజెట్టా అనే వేరే గుంపుది. దాని స్వభావం పెద్ద పసుపు డాఫోడిల్ స్వభావానికి దాదాపు ఎదురు. మన ఊళ్ల సంగతికి వచ్చినప్పుడు ఈ తేడాయే పనికొస్తుంది.

ఈ ప్రజాతి రకాల పేర్లను ప్రపంచమంతటికీ నమోదుచేసేది లండన్‌లోని రాయల్ హార్టికల్చరల్ సొసైటీ. ఇప్పటికి నమోదైనవి 30,000కు పైనే. వాటిని 13 విభాగాలుగా పంచారు. మొదటి మూడు విభాగాలకు కొలబద్ద పువ్వు నడుమ ఉన్న గిన్నె. గిన్నె పొడవును చుట్టూ ఉన్న పూరేకు పొడవుతో పోల్చి చూస్తారు. పూరేకు 4 సెంటీమీటర్లు ఉందనుకుందాం. గిన్నె కూడా 4 లేదా అంతకు మించి ఉంటే అది బాకాలాంటి పువ్వు, మొదటి విభాగం. గిన్నె 2 సెంటీమీటర్లుంటే, అంటే మూడోవంతు కంటే ఎక్కువ, పూరేకు కంటే తక్కువ అయితే, రెండో విభాగం. 1.3 సెంటీమీటర్లు లేదా అంతకు తక్కువైతే మూడోది. స్కేలు పెట్టి కొలిస్తే చాలు.

మిగతా పదింటినీ బట్టీ పట్టనక్కర్లేదు. కొనేవారికి పనికొచ్చేవి కొన్నే. నాలుగోది ముద్దపూలది. చూడ్డానికి బాగుంటుంది గానీ మొగ్గ విచ్చుకునే వేళకు ఎండ ముదిరితే విచ్చుకోకుండానే ఎండిపోతుంది. ఆరోది పొట్టిగా, త్వరగా పూసేది, ‘ఫిబ్రవరి గోల్డ్’ ఆ కోవలోదే. ఏడు (జాంక్విల్లా), ఎనిమిది (టాజెట్టా) వేడిని ఓర్చుకుంటాయి. తొమ్మిదోదైన పొయెటికస్‌కు చలి బాగా కావాలి, అన్నిటికంటే ఆలస్యంగా పూస్తుంది. పన్నెండోది ఎందులోనూ ఇమడని రకాలది. కుండీల్లో ఎక్కడ చూసినా కనిపించే జానెడు పొట్టి ‘టెట్-ఆ-టెట్’ అందులోకే వస్తుంది. ఇంగ్లండ్‌లోని కార్న్‌వాల్‌లో అలెక్ గ్రే తయారుచేసిన రకమది.

సంచి మీద ‘కింగ్ ఆల్‌ఫ్రెడ్’ అని ఉంటే కొంచెం ఆగి చదవాలి. ఆ రకం 1899 నాటిది. ఇప్పుడు ఆ పేరుతో అమ్మేవాటిలో ఎక్కువ భాగం ‘డచ్ మాస్టర్’ వంటి తరువాతి రకాలు. అందుకే కొన్ని సంచుల మీద ‘కింగ్ ఆల్‌ఫ్రెడ్ టైప్’ అని ఉంటుంది. పువ్వుకు వచ్చిన లోటేమీ లేదు. కానీ ఈసారి బాగా వచ్చిందే మళ్లీ కావాలంటే అసలు రకం పేరు తెలిసి ఉండాలి, అందుకే నేను పేరు రాసి ఉన్న సంచినే ఎంచుకుంటాను.

ఇంకొక మాట. నీలం డాఫోడిల్ అంటూ ఏదీ లేదు. పసుపు, తెలుపు, నారింజ, గిన్నె వరకు గులాబీ, ఎరుపు కలిసిన నారింజ, ఇంతే. ఆన్‌లైన్‌లో నీలం, ఊదా డాఫోడిల్ ‘విత్తనాలు’ అని కనిపించేవి మోసం. అసలు డాఫోడిల్‌ను విత్తనం నుంచి పెంచితే మొదటి పువ్వుకు నాలుగైదేళ్లు ఆగాలి. అప్పుడైనా సంకర రకమైతే తల్లిలాంటి పువ్వు రాదు. ఇంట్లో పెంచుకునేవాళ్లు గడ్డలే కొనడానికి కారణం ఇదే.

సంచి మీద 16/18: సైజును బట్టి ధర ఎందుకు

ఆ అంకెలు గడ్డ నడుము చుట్టుకొలత, సెంటీమీటర్లలో. 16/18 అంటే 16కూ 18కీ మధ్య. పెద్ద గడ్డలో దాచిన ఆహారం ఎక్కువ, లోపల పువ్వు తయారై ఉండే భరోసా కూడా ఎక్కువ. కొన్ని గడ్డలకు కవలల్లా రెండు ముక్కులుంటాయి. ఒక్కో ముక్కు నుంచి ఒక పూకాడ రావచ్చు.

లెక్క వేసి చూద్దాం. ఇరవై డాలర్లకు ఒక దుకాణంలో 50 చిన్న గడ్డలు, ఇంకొక చోట 25 పెద్ద రెండు ముక్కుల గడ్డలు దొరుకుతున్నాయనుకుందాం. చిన్నవాటిలో సగమే మొదటి ఏడు పూస్తే 25 పువ్వులు. పెద్దవి ఒక్కొక్కటి రెండేసి పూస్తే 50. చౌక అనిపించిన సంచి మొదటి వసంతానికి ఖరీదైనదవుతుంది. కానీ రెండు మూడేళ్లు ఆగగలిగినవారికి, పెద్ద స్థలం నింపాలనుకునేవారికి ఆ చిన్న గడ్డలు కూడా మంచి బేరమే, అవి పెరిగి పూస్తాయి. అయితే ఈ లెక్క ఒకే రకం గడ్డల మధ్యే చెల్లుతుంది. ‘టెట్-ఆ-టెట్’ గడ్డ పుట్టుకతోనే చిన్నది, దాన్ని బాకా పువ్వు గడ్డ పక్కన పెట్టి పనికిరాదనడం అన్యాయం.

చేత్తో పట్టుకు చూడటం అన్నిటికంటే నమ్మకమైన పరీక్ష. మంచి గడ్డ ఉల్లిగడ్డలా బరువుగా, గట్టిగా ఉంటుంది. అడుగుబిళ్లను బొటనవేలితో నొక్కితే మెత్తగా దిగితే అది ఫ్యుసేరియం అనే శిలీంధ్రం తెచ్చిన కుళ్లు. వెచ్చని మట్టిలో అది ఇంకా చెలరేగుతుంది. వందేళ్ల కింద ఇంతకంటే పెద్ద బెడద ఉండేది. కంటికి కనిపించని నులిపురుగు ఇంగ్లండ్ డాఫోడిల్ పొలాలను తుడిచిపెడుతుంటే, 1917లో జేమ్స్ కర్కమ్ రామ్స్‌బాటమ్ అనే యువ పరిశోధకుడు గడ్డలను కొన్ని గంటలు వేడినీళ్లలో ఉంచితే పురుగు చస్తుంది, గడ్డ బతుకుతుంది అని చూపించాడు. ఇప్పటికీ రైతులు 44 డిగ్రీల నీళ్లలో సుమారు మూడు గంటలు ఉంచుతారు. మన చేతిలోని గట్టి గడ్డ వెనక ఆయన శ్రమ ఉంది.

జోన్ అంకె చెప్పేది, చెప్పనిది

అమెరికా వ్యవసాయ శాఖ దేశాన్ని చలి ప్రకారం జోన్లుగా విడగొట్టి పటం వేసింది, 2023లో దాన్ని సవరించింది. జోన్ అంకెకు ఒకే ఒక అర్థం: ఏడాది మొత్తంలో అతి చల్లని రాత్రి సగటున ఎంత కిందికి దిగుతుంది అని. ఆ చలి ఎన్ని వారాలు నిలుస్తుందో, ఎండాకాలం ఎలా ఉంటుందో అది చెప్పదు. చిక్కంతా అక్కడే.

లండన్‌ను ఈ లెక్కలో పెడితే దాదాపు తొమ్మిదో జోన్. హ్యూస్టన్ కూడా తొమ్మిదే. లండన్ పార్కుల్లో డాఫోడిల్స్ ఏటేటా వాటంతటవే పరుచుకుంటాయి. హ్యూస్టన్‌లో అవే గడ్డలు ఒక ఏడాది పూసి మాయమవుతాయి. లండన్ చలికాలం కోత పెట్టేంత కాకపోయినా నెలల తరబడి సాగుతుంది, ఎండాకాలం మెత్తగా ఉంటుంది. హ్యూస్టన్‌లో ఒక రాత్రి గడ్డకట్టి, మూడోరోజు చొక్కా తడిసే ఉక్క పోస్తుంది. వేసవిలో నిద్రపోవాల్సిన గడ్డ వేడి తడిమట్టిలో కుళ్లుతుంది. కాలిఫోర్నియా బే ఏరియాలో చలి తక్కువే అయినా వేసవి పొడిగా ఉండటం గడ్డలకు నచ్చుతుంది. ఎందుకంటే ఈ ప్రజాతి ఎక్కువగా పుట్టిపెరిగిన స్పెయిన్, పోర్చుగల్ ప్రాంతాల వేసవి అలాంటిదే. అక్కడ అసలు సమస్య వేసవిలో లాన్‌కు పెట్టే నీళ్లు.

కాబట్టి నాటే తేదీని క్యాలెండరు చూసి కాక మట్టి వేడిని చూసి లెక్కేస్తారు. మట్టి 15 డిగ్రీల కిందికి, అంటే సుమారు 60 ఫారెన్‌హీట్ కిందికి దిగాలి. షికాగోలో అది సెప్టెంబరు చివర, అక్టోబరులో వస్తుంది. న్యూజెర్సీలో అక్టోబరు, నవంబరు మొదలు. డాలస్‌లో నవంబరు మధ్య నుంచి డిసెంబరు. ముందే నాటితే వెచ్చటి మట్టిలో కుళ్లు పట్టే ప్రమాదం. మరీ ఆలస్యమైతే వేళ్లకు సమయం చాలదు. అయినా గ్యారేజీలో మరిచిపోయిన సంచి జనవరిలో దొరికితే నాటేయడమే మేలు. కాడలు పొట్టిగా, పూత ఆలస్యంగా వస్తాయి గానీ గడ్డ వచ్చే ఏటిదాకా సంచిలో బతకదు.

డాలస్ మట్టి గురించి ఒక మాట చెప్పాలి. గుంటూరు జిల్లా నల్లరేగడి చూసి పెరిగినవారికి అది కొత్తగా అనిపించదు. వానకు కాలికి అంటుకునే జిగురు, ఎండకు చెయ్యి దూరేంత నెర్రెలు. మట్టి శాస్త్రం ప్రకారం కూడా రెండూ ఒకే తరగతివి, వర్టిసోల్స్. అలాంటి మట్టిలో నీరు నిలుస్తుంది, నిలిచిన నీటిలో గడ్డ బతకదు. అక్కడివారు కంపోస్టు కలిపి మడిని జానెడు ఎత్తు లేపుకుంటారు. రకాల్లో కూడా ఏడు, ఎనిమిది విభాగాలు, రెండో విభాగంలో ‘ఐస్ ఫాలీస్’, ‘కార్ల్‌టన్’ టెక్సాస్‌లో నిలబడ్డవని పేరు తెచ్చుకున్నాయి. అంతకంటే పాతది కాంపర్నెల్. పాడుబడ్డ ఇళ్ల పునాదుల చుట్టూ, ఇల్లు పోయినా అది పూస్తూనే ఉంటుంది.

ఫ్రిజ్ సలహా హ్యూస్టన్ లాంటి చోట్లకే. అక్టోబరు 1న గడ్డలను కాగితం సంచిలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచితే పన్నెండు వారాలకు డిసెంబరు 24 అవుతుంది. అప్పటికి హ్యూస్టన్ మట్టి ఏడాదిలోకెల్లా చల్లగా ఉంటుంది. అదే ఫ్రిజ్‌లో ఆపిల్స్ ఉంటే లాభం లేదు. పండే పళ్లు ఇథిలీన్ వాయువు వదులుతాయి, అది గడ్డలోని మొగ్గను చంపేస్తుంది.

ఇంకో ప్రమాదం మన వంటింటికి దగ్గరది. ఈ గడ్డ ఉల్లిలా ఉంటుంది, విషం. 2009లో ఇంగ్లండ్‌లోని సఫోక్‌లో ఒక ప్రాథమిక పాఠశాలలో ఉల్లితోపాటు పొరపాటున డాఫోడిల్ గడ్డ కూడా సూప్‌లో పడి పిల్లలకు వాంతులయ్యాయి. 2015లో బ్రిటన్ ఆరోగ్య అధికారులు డాఫోడిల్స్‌ను కూరగాయల పక్కన అమ్మొద్దని సూపర్‌మార్కెట్లను కోరారు. ఫ్రిజ్‌లో పెట్టే సంచి మీద పెద్ద అక్షరాలతో తెలుగులో కూడా రాసి ఉంచితే, ఊరి నుంచి వచ్చిన అత్తయ్యగారికో అమ్మకో పొరపాటు జరగదు. ఉడుతలు తులిప్ గడ్డల్ని, జింకలు వాటి ఆకుల్ని, పూలను తినేసి డాఫోడిల్‌ను వదిలేయడం కూడా ఈ విషం చలవే.

ఇక వెచ్చటి ఊళ్లలో తోటమాలుల మధ్య నిజమైన తగువు ఒకటుంది. ఒక పక్షం అంటుంది, బాకా పువ్వే ఇష్టమైతే దాన్ని బంతినారులా ఒక కాలపు మొక్క అనుకుని ఏటా కొనుక్కోండి, పూశాక తీసేయండి. రెండో పక్షం, వాతావరణానికి ఒప్పే రకమే ఎంచుకుంటే ఒకసారి పెట్టిన ఖర్చు ఇరవై ఏళ్లు పూస్తుంది కదా అంటుంది. మొదటి దారిలో కోరిన పువ్వు దొరుకుతుంది, రెండోదాంట్లో తోట మిగులుతుంది. నాకు రెండోదే ఇష్టం. కాని అద్దె ఇంట్లో ఉండేవారికి మొదటిదే సబబు.

మూడింతల లోతు అంటే ఎక్కడినుంచి కొలవాలి

‘గడ్డ ఎత్తుకు మూడింతల లోతు’ అని అంతటా రాస్తారు. అది గుంట అడుగు దాకానా, గడ్డ మొన దాకానా అన్నది చాలామందికి అంతుపట్టదు. లెక్క గుంట అడుగుది. గడ్డ 5 సెంటీమీటర్ల ఎత్తు ఉంటే గుంట 15. గడ్డను మొన పైకి ఉండేలా అడుగున కూర్చోబెడితే పైన 10 సెంటీమీటర్ల మట్టి కప్పుతుంది. పొరపాటున పక్కకు పడుకున్నా కంగారు లేదు, కాడ వెలుతురు వైపు తిరుగుతుంది. పైగా ఈ మొక్కకు ముడుచుకునే వేళ్లుంటాయి. ఏటా గడ్డను కొంచెం కొంచెం కిందికి లాక్కుని తన లోతు తానే సరిచేసుకుంటుంది.

లోతు విషయంలోనూ రెండు మాటలున్నాయి. పైపైన నాటితే గడ్డ త్వరగా పిల్లలు పెట్టి గుంపు పెరుగుతుంది, కానీ పిల్లలన్నీ పూసే సైజుకు రావు. లోతుగా నాటితే పిల్లలు తక్కువ, పువ్వు నిలకడ. ఇసుక నేలలో కొంచెం లోతు, బంకమట్టిలో కొంచెం పైకి అన్నది రెండు పక్షాలూ ఒప్పుకునే మధ్యేమార్గం.

ఎన్ని గడ్డలు కొనాలన్నది చిన్న గుణకారం. ఇంటి ముందు 4 అడుగుల పొడవు, 3 అడుగుల వెడల్పు మడి ఉందనుకుందాం, అంటే 48 అంగుళాలు, 36 అంగుళాలు. గడ్డకూ గడ్డకూ 6 అంగుళాల ఎడం ఇస్తే పొడవున 8, వెడల్పున 6, మొత్తం 48. పొట్టి రకాలకు 4 అంగుళాలు చాలు కాబట్టి అదే మడిలో 12 చొప్పున 9 వరసలు, 108. తక్కువ కొన్నవారు వరసలో దూరదూరంగా నాటేకంటే ఏడెనిమిది ఒక గుంపుగా నాటితే కళ్లకు నిండుగా ఉంటుంది.

ఆకులు కట్ చేయాలా: వచ్చే ఏటి పువ్వు అక్కడే తయారవుతుంది

పూత అయిపోయాక ఆకులు వాలి, పసుపెక్కి, ముంగిలి చిందరవందరగా కనిపిస్తుంది. ఇంటి యజమానుల సంఘం నుంచి ఉత్తరం వస్తుందేమోనని కొందరు కోసేస్తారు, కొందరు జడలల్లి రబ్బరు బ్యాండు వేస్తారు. కానీ మే, జూన్లలో లోపల మొగ్గ కడుతున్నది ఆ ఆకులు చేసిన ఆహారంతోనే. పూత ముగిశాక కనీసం ఆరు వారాలు వాటిని కదపకూడదని తోటల పెద్దలందరిదీ ఒకే మాట. మార్చి 20న చివరి పువ్వు వాడితే మే 1 దాకా అన్నమాట. జడ అల్లితే ఆకు మడతల్లోకి ఎండ తగలదు. లాన్‌లో నాటినవారు అప్పటిదాకా ఆ భాగంలో గడ్డి కోత ఆపాల్సి వస్తుంది, అందుకే కొందరు డేలిల్లీల లాంటి మొక్కల మధ్య నాటుతారు. డాఫోడిల్ ఆకు వాలే వేళకు వాటి ఆకు లేచి కప్పేస్తుంది. వాడిన పువ్వును మాత్రం తుంచేయవచ్చు, విత్తనం కట్టడానికి పోయే శక్తి గడ్డకు మిగులుతుంది.

ఎరువు దగ్గర పాతవారికీ కొత్తవారికీ పేచీ. గుంటలో గుప్పెడు ఎముకల పొడి వేయడం తరతరాల అలవాటు, భాస్వరం వేళ్లకు మంచిదని. కొత్త తరం ఉద్యాన నిపుణులు చాలా నేలల్లో భాస్వరం ఇప్పటికే చాలినంత ఉందనీ, ఎముకల వాసనకు కుక్కలొచ్చి గడ్డల్ని పెకలిస్తాయనీ చెబుతారు. నత్రజని ఎక్కువున్న లాన్ ఎరువు ఆకును పెంచి కుళ్లును పిలుస్తుందన్నది ఇద్దరూ ఒప్పుకునే మాట. మట్టి పరీక్ష చేయిస్తే ఈ పేచీ మన పెరటి వరకు తీరిపోతుంది. టెక్సాస్ ఏ అండ్ ఎం లాంటి విశ్వవిద్యాలయాలు ఆ పరీక్షలు చేస్తాయి. ఏమైనా ఈ ఏడు వేసే ఎరువు ఈ ఏటి పువ్వుకు చేసేదేమీ లేదు, అది అప్పటికే గడ్డలో ఉంది. నాలుగైదేళ్లకు ఆకులు గుబురుగా ఉండి పూలు తగ్గాయంటే గడ్డలు ఇరుకయ్యాయని అర్థం. ఆకు ఎండిపోయాక తవ్వి విడదీసి నాటుకుంటారు.

హైదరాబాద్, విశాఖ, లంబసింగి: మన ఊళ్లలో ఏది సాధ్యం

లంబసింగిలో కొన్ని రాత్రులు సున్నాకు దగ్గరగా పడతాయని విని అక్కడ డాఫోడిల్స్ పూస్తాయా అని అడిగేవారున్నారు. గడ్డకు కావాల్సింది కొన్ని చలిరాత్రులు కాదు, రాత్రీ పగలూ మట్టి చల్లగా ఉండే మూడు నెలలు. లంబసింగిలో పగటి ఎండ ఆ చలిని ఏ రోజుకారోజు చెరిపేస్తుంది. మనదేశంలో ఆ మూడు నెలలు సహజంగా దొరికేది కశ్మీరు, హిమాచల్ వంటి కొండ ప్రాంతాల్లో.

హైదరాబాద్‌లో బాకా పువ్వే చూడాలనుకుంటే ఫ్రిజ్ ఒక్కటే దారి. సెప్టెంబరు 1న చిన్న కుండీలో తడిమట్టిలో నాటి ఫ్రిజ్‌లో ఉంచితే పదిహేను వారాలకు డిసెంబరు 15. అప్పుడు బయటికి తీసి నీడలో పెడితే పూయవచ్చు, పగటి వేడికి నాలుగు రోజుల్లో వాడుతుంది. మూడున్నర నెలలు ఫ్రిజ్‌లో ఒక అర వదులుకోవాలి, ఆ గడ్డ మళ్లీ పూస్తుందన్న ఆశ పెట్టుకోకూడదు. సంచి ధర, ఫ్రిజ్ చోటు లెక్కేసుకున్నాక ఎవరికి వారే తేల్చుకోవాల్సిన బేరమిది.

ఇక్కడే నర్గిస్ గుంపు దారి చూపిస్తుంది. టాజెట్టాలు ఆకు ఎండాక వేసవి వేడిలో పువ్వును కడతాయి. వాటికి చలి తాళం లేదు. ఇంగ్లండ్ నైరుతి మూలనున్న సిల్లీ దీవుల్లో రైతులు వేసవిలో టాజెట్టా పొలాల మీద గడ్డి పరిచి కాల్చేవారు, పొగ తగిలిన గడ్డలు ముందుగా, ఎక్కువగా పూస్తాయని. ఆపిల్ పక్కన పెద్ద డాఫోడిల్ మొగ్గను చంపే ఇథిలీనే ఆ పొగలో ఉండి టాజెట్టాకు మేలు చేస్తుంది. ఒకే ప్రజాతిలో ఇంత తేడా ఉన్నప్పుడు ‘డాఫోడిల్స్ ఇలాగే పెంచాలి’ అనే ఒక్క మాట అందరికీ ఎలా సరిపోతుంది?

వీటికి దగ్గరి చుట్టమైన పేపర్‌వైట్‌కు కూడా చలి అక్కర్లేదు. తెల్లగా గుత్తిగా పూస్తుంది, వాసన ఘాటు, కొందరికి తలనొప్పి తెప్పించేంత. ఒక లోతు గిన్నెలో గులకరాళ్లు పరిచి, గడ్డల్ని వాటి మీద నిలబెట్టి, అడుగుబిళ్లకు తగిలీతగలకుండా నీళ్లు పోస్తే నాలుగు నుంచి ఆరు వారాల్లో పూస్తుంది. మన చలికాలంలో కాడలు సన్నగా సాగి వాలే అవకాశం ఉంది గనక ఒక పుల్ల ఆసరా పెట్టాలి. నీళ్లలో పూసిన గడ్డలో మిగిలే సత్తువ తక్కువ, మరుసటి ఏటికి దాన్ని నమ్ముకోలేం.

గడ్డ నాటి ఏటేటా పూత చూడాలన్నదే అసలు కోరికైతే మన నేలకు అలవాటైనవి ఉన్నాయి. తొలకరి చినుకు పడగానే లేచే రెయిన్ లిల్లీ డాఫోడిల్ కుటుంబానిదే. ఎండాకాలం చివర ఎర్రటి బంతిలా ఒకే పువ్వు లేచే మే ఫ్లవర్ కూడా. వాసన కావాలంటే, కుటుంబం వేరైనా, పూలబజారులో లిల్లీ పేరుతో తూచి అమ్మే నేలసంపెంగ ఉండనే ఉంది. వీటికి పన్నెండు వారాల చలితో పని లేదు.

మా చెల్లి ఈ ఏడు పసుపు డాఫోడిల్స్ జోలికి పోలేదు. ఆరు పేపర్‌వైట్ గడ్డలు తెప్పించి, డిసెంబరు మొదటి వారంలో పాత స్టీలు బేసిన్‌లో గులకరాళ్ల మీద పెట్టి, తూర్పు కిటికీ దగ్గర ఉంచుతానంది. బేసిన్ వంటింటి ఉల్లిగడ్డల బుట్టకు దూరంగా పెట్టమని మాత్రం రెండుసార్లు చెప్పాను. లెక్క ప్రకారం సంక్రాంతికి పూయాలి.